ఆ నలుగురినీ లెక్కపెట్టాను

మా ఇంట్లో నేను ఎక్కువసార్లు విన్న ప్రశ్న "అన్నం తిన్నావా?" కాదు. "నలుగురూ ఏమనుకుంటారు?" అన్నది. చున్నీ లేకుండా గుమ్మం దాటితే నలుగురూ. ఫోన్లో నవ్వుతూ మాట్లాడితే నలుగురూ. కాలేజీ బస్సు పావుగంట లేటైతే నలుగురూ. మా అన్నయ్య రాత్రి పదకొండింటికి హైవే మీద టీ తాగి వస్తే మాత్రం ఆ నలుగురూ నిద్రపోతూ ఉంటారు.

పంతొమ్మిదేళ్లుగా వింటున్నా ఈ నలుగురూ ఎవరో నాకు తెలీలేదు. చదివేది కంప్యూటర్ సైన్స్ కదా, ఒకరోజు కూర్చుని లెక్కపెట్టాను. ఈ వ్యాసం ఆ లెక్క గురించి. నాది మొదట్నుంచీ ఇంగ్లిష్ మీడియం. తెలుగులో ఇంత పొడుగు రాయడం ఇదే మొదటిసారి. తప్పులుంటే తిట్టండి, కానీ చివరిదాకా చదివి తిట్టండి.

మాది పరిటాల. విజయవాడ నుంచి హైదరాబాద్ వెళ్లేటప్పుడు హైవే పక్కన పెద్ద ఆంజనేయస్వామి విగ్రహం కనిపిస్తుంది కదా, ఆ ఊరే. మా క్లాసుకి రెండు వాట్సాప్ గ్రూపులున్నాయి. ఒకటి సార్లు ఉన్నది, ఇంకోటి సార్లు లేనిది. లేనిదాంట్లో 66 మందిమి. పోయిన సెమిస్టర్లో ఒక సాయంత్రం 6:40కి అందులో ఒక ఫోటో పడింది. మా ఫ్రెండ్ ఒకమ్మాయి (పేరు, ఊరు రాయను) ఒక సీనియర్ బండి పక్కన నిలబడి టీ తాగుతోంది. అంతే. చేతులు పట్టుకుని కూడా లేరు. వెళ్తున్న బస్సు కిటికీలోంచి ఎవరో తీసినట్టుంది, సగం ఫోటో అద్దం మీద మరకలే.

ఆ ఫోటో కింద ఏం రాశారో ఇక్కడ మళ్లీ రాయను. రాస్తే ఇంకోసారి ఫార్వర్డ్ చేసినట్టే. 8:15కి అది వాళ్ల బంధువుల గ్రూపు దాటి వాళ్లమ్మ ఫోన్లోకి వచ్చేసింది. మర్నాటి నుంచి తను మా బస్సు మానేసింది. పది రోజులు కాలేజీకే రాలేదు. తర్వాత వాళ్ల నాన్న బండి మీద గేటు దాకా దింపి, సాయంత్రం గేటు దగ్గరే ఎక్కించుకుని వెళ్లేవారు. ఆ సీనియర్ స్టేటస్‌కి మాత్రం ఆ రాత్రే ఫ్రెండ్స్ అందరూ మంట ఎమోజీలు పెట్టారు. "మామా, పార్టీ ఎప్పుడు?" అని అడిగారు. అతను చెడ్డవాడని నేను అనను. ఒకే ఫోటో, ఒకే టీ, ఒకే బండి. ఒకరికి పార్టీ, ఇంకొకరికి శిక్ష. నేను చెప్పేది అదొక్కటే.

సరే, లెక్క. 66 మందిలో ఆ ఫోటో పెట్టినవాడితో కలిపి కామెంట్ టైప్ చేసింది ఎంతమందో తెలుసా? అక్షరాలా నలుగురు. నవ్వే ఎమోజీ కొట్టినవాళ్లు 21 మంది, అందులో ఆరుగురు అమ్మాయిలు. మా ఫ్రెండ్‌ని తీసేస్తే మిగిలింది 40 మంది. వాళ్లు ఏమీ అనలేదు. ఆ నలభైలో నేనొకదాన్ని.

నేను ఏమీ అనకపోవడంతో ఆగలేదు. ఫోటో వచ్చిన రాత్రి మా అమ్మ "కొన్నాళ్లు ఆ పిల్లతో తిరక్కు, నిన్ను కూడా ఆ లెక్కలో వేస్తారు" అంది. నేను వాదించలేదు. మామూలుగా ప్రతిదానికీ వాదించేదాన్ని, దీనికి మాత్రం వెంటనే "సరే" అన్నాను. తను కాలేజీకి తిరిగొచ్చిన రోజు నేను బెంచీ మారాను. బోర్డు సరిగ్గా కనపడట్లేదని వంక చెప్పాను. తను నమ్మినట్టే తలూపింది. ఆ తలూపడం గుర్తొస్తే ఇప్పటికీ నాకు కడుపులో ఏదోలా ఉంటుంది.

ఇప్పుడు భాష దగ్గరికొద్దాం, లిటరరీ క్లబ్ పత్రిక కాబట్టి. "వాడు చెడిపోయాడు" అంటే మీకేం అర్థమవుతుంది? బీరు తాగుతున్నాడు, పేకాట ఆడుతున్నాడు, బ్యాక్‌లాగులు పెట్టాడు, వీటిలో ఏదైనా కావచ్చు. "అది చెడిపోయింది" అంటే? ఒక్కటే అర్థం. ఆ అమ్మాయికి తొమ్మిది పాయింట్ల సీజీపీఏ ఉన్నా, ఇంట్లో అమ్మకి వంటలో సాయం చేస్తున్నా, అర్థం మారదు. క్రియ ఒక్కటే, కర్త మారగానే అర్థం మారిపోతుంది. "ఆడది తిరిగి చెడుతుంది, మగాడు తిరక్క చెడతాడు" అని సామెత కూడా ఉంది మనకి. ఒకే పనికి ఇద్దరికీ రెండు ఫలితాలని పెద్దవాళ్లే ప్రాసతో సహా కుదించి పెట్టారు. పతివ్రత అనే మాట ప్రతి ఇంట్లో వినపడుతుంది. దానికి జోడీగా మగవాడి మాట అడిగితే అందరూ తడుముకుని చివరికి శ్రీరాముడి దగ్గర ఆగుతారు. ఆడవాళ్లకి కనీస అర్హత, మగవాళ్లకి అవతార లక్షణం.

"ఇది మన సంస్కృతి" అని ఎవరో ఒకరు అంటారు. నేను కూడా అలాగే అనుకున్నాను, మా క్లబ్ మీటింగులో ఒక అక్క ముద్దుపళని గురించి చెప్పేదాకా. అప్పటిదాకా ఆ పేరే వినలేదు. మీరూ విని ఉండకపోతే ఇది చదవండి.

ముద్దుపళని 18వ శతాబ్దపు కవయిత్రి. తంజావూరులో మరాఠా రాజు ప్రతాపసింహుడి ఆస్థానంలో ఉండేది. దేవదాసీ కుటుంబం. సంగీతం, సాహిత్యం, నాట్యం అన్నీ చదువుకుంది. ఆమె రాసిన కావ్యం 'రాధికా సాంత్వనము'. అందులో రాధ తను పెంచిన ఇళాదేవిని కృష్ణుడికిచ్చి తనే పెళ్లి చేస్తుంది. తర్వాత ఆ విరహం తట్టుకోలేక కోపంతో రగిలిపోతుంది. చివరికి కృష్ణుడే వచ్చి ఆమెని బతిమాలుకోవాలి. సాంత్వనము అంటే ఆ ఓదార్పే. అందులో కోరిక రాధది, కోపం రాధది, నిర్ణయం కూడా రాధదే. రాసింది కూడా ఒక స్త్రీ.

ఆంధ్ర కవుల చరిత్ర రాసిన కందుకూరి వీరేశలింగం గారు ఆమె పాండిత్యాన్ని ఒప్పుకుంటూనే, ఆమెని వేశ్య అన్నారు. ఆ కావ్యంలో కొన్ని భాగాలు ఆడవాళ్లు వినడానికే తగనివి, ఇక ఆడదాని నోట రావడమేంటి అన్న అర్థంలో రాశారు. ఇక్కడ నేను ఆగిపోయాను. ఎందుకంటే వీరేశలింగం గారు చెడ్డవాళ్ల లిస్టులో మనిషి కాదు. 1881లో రాజమండ్రిలో మొదటి వితంతు వివాహం చేయించి, ఊరంతా వెలేసినా నిలబడిన మనిషి. ఆడవాళ్ల తరఫున అంత దెబ్బ తిన్నవాడికి కూడా ఒక ఆడది తన కోరిక గురించి తనే రాస్తే మింగుడుపడలేదు. అంటే ఈ జబ్బు చెడ్డవాళ్లకే వచ్చేది కాదు.

దానికి జవాబు చెప్పింది బెంగుళూరు నాగరత్నమ్మ. ఆవిడా దేవదాసీయే, పేరున్న గాయని. తిరువయ్యూరులో త్యాగరాజస్వామి సమాధికి గుడి కట్టించింది ఆవిడే. అప్పటికి అచ్చులో ఉన్న రాధికా సాంత్వనము ప్రతిలో కొన్ని భాగాలు ఎగిరిపోయాయని గమనించి, పూర్తి ప్రతి సంపాదించి, 1910లో వావిళ్ల వారి చేత అచ్చు వేయించింది. ముందుమాటలో వీరేశలింగం గారిని సూటిగా అడిగింది. ఆవిడ అడిగినదాని సారాంశం ఇది: సిగ్గు ఆడవాళ్లకేనా, మగవాళ్లకి ఉండక్కర్లేదా? అంతకంటే పచ్చి శృంగారం మగవాళ్లు రాస్తే పంతులుగారికి అభ్యంతరం లేదేం?

తర్వాత ఏమైంది? 1911లో పోలీసులు ఆ పుస్తకం కాపీలు పట్టుకుపోయారు. మద్రాసు ప్రభుత్వం నిషేధించింది. టంగుటూరి ప్రకాశం పంతులు గారి చొరవతో 1947లో ఆ నిషేధం తొలిగింది. 36 ఏళ్లు. 1952లో వావిళ్ల వారు మళ్లీ అచ్చు వేశారు. అదే ఏడాది నాగరత్నమ్మ చనిపోయింది.

ఇప్పుడు మన జిల్లా సంగతి చూడండి. పాత కృష్ణా జిల్లా అంటున్నాను, 2022లో మేము ఎన్టీఆర్ జిల్లా అయిపోయాం కానీ మనసులో ఇంకా కృష్ణానే. క్షేత్రయ్యది మొవ్వ. ఆయన పదాలు చాలావరకు ఆడవాళ్ల గొంతుతోనే ఉంటాయి. విరహం, అలక, కోరిక అన్నీ. ఆ పక్కనే కూచిపూడి. అక్కడ తరతరాలుగా మగవాళ్లే సత్యభామ వేషం కట్టి, జడ పట్టుకుని, కృష్ణుడి కోసం వగలుపోయారు. జనం చేతులెత్తి దణ్ణం పెట్టారు. అది గొప్ప కళ, నాకు నిజంగా గర్వమే. కానీ లాజిక్ చూడండి. ఆడదాని కోరికని మగాడు రాస్తే సాహిత్యం, మగాడు ఆడితే శాస్త్రీయ నృత్యం. అదే కోరికని ఆడది తన పేరు పెట్టి రాస్తే పోలీసులు. కాబట్టి మన సంస్కృతికి ఇబ్బంది కోరికతో కాదు, అది ఎవరి నోట వచ్చిందన్న దానితో.

ఇది పాతకాలం గొడవ కూడా కాదు. 1980ల తర్వాత మన స్త్రీవాద కవయిత్రులు శరీరం గురించి, చూపుల గురించి రాస్తే దాన్ని 'నీలి కవిత్వం' అని వెక్కిరించారు. వాళ్లు ఏడుస్తూ కూర్చోకుండా 1993లో వచ్చిన తమ సంకలనానికి 'నీలి మేఘాలు' అని పేరు పెట్టుకున్నారు. నాకు ఆ పేరు పెట్టిన పొగరు చాలా నచ్చింది.

ఇంకా దగ్గరికి రండి. 2024 సెప్టెంబరు చివర్లో తెలంగాణ మంత్రి కొండా సురేఖ గారు ఒక ఎంపీ తన మెడలో నూలు దండ వేసిన ఫోటోని సోషల్ మీడియాలో అసహ్యంగా ట్రోల్ చేశారని ప్రెస్ ముందు కన్నీళ్లు పెట్టుకున్నారు. న్యాయమైన బాధే. రెండు రోజులు తిరగలేదు, అక్టోబరు 2న ఆవిడే ఒక రాజకీయ నాయకుడిని విమర్శిస్తూ నటి సమంత విడాకుల విషయం లాగి, నోటికొచ్చింది అన్నారు. ఆ మాటలూ ఇక్కడ రాయను. తర్వాత వెనక్కి తీసుకున్నారు, కేసు కోర్టుకి కూడా వెళ్లింది. సమంత మాత్రం ఆ రోజు చాలా మర్యాదగా, విడాకులు తన సొంత విషయమని, తనని రాజకీయాల్లోకి లాగొద్దని చెప్పింది. నాకు ఇందులో కొట్టొచ్చినట్టు కనిపించింది ఏంటంటే, దెబ్బ తిన్న మనిషే రెండు రోజుల్లో అదే కర్ర తీసుకుంది. మగవాళ్లిద్దరు కొట్టుకోవాలన్నా మధ్యలో ఒక ఆడమనిషి పరువు ఆయుధంగా దొరుకుతుంది. ఆ కర్రని ఆడవాళ్లు కూడా వాడతారు. ఆ రోజు గ్రూపులో ఎమోజీ కొట్టిన ఆరుగురు అమ్మాయిలు వాడారు. బెంచీ మారిన నేను వాడాను.

"అయినా పెద్దవాళ్లు మీ భద్రత కోసమే చెప్తారు" అనేవాళ్లున్నారు. దీనికి మా హైవే మీదే జవాబుంది. 2007 డిసెంబరులో ఇబ్రహీంపట్నంలో ఒక హాస్టల్లో ఒక ఫార్మసీ విద్యార్థిని హత్యకి గురైంది. అప్పటికి నేను ఏడాది పిల్లని. కానీ ఆ కేసు వింటూనే పెరిగాను, ఎందుకంటే మా ఇళ్లల్లో ప్రతి కట్టుబాటుకీ అదే ఉదాహరణ. నందిగామ వైపు కుర్రాడిని ఒకతన్ని అరెస్టు చేశారు, 2010లో శిక్ష పడింది, 2017లో హైకోర్టు అతను నిర్దోషి అని వదిలేసింది. తర్వాత కేసు సీబీఐకి వెళ్లింది. ఒక నిర్దోషి ఎనిమిదేళ్లు పైగా జైల్లో మగ్గాడు. ఆ తల్లిదండ్రులు న్యాయం కోసం ఏళ్ల తరబడి తిరిగారు. మరి ఊళ్లు నేర్చుకున్న పాఠం ఏంటి? "ఆడపిల్లలు జాగ్రత్తగా ఉండాలి." ఆ అమ్మాయి ఉన్నది హాస్టల్లో. పెద్దవాళ్లు భద్రం అని చూపించే చోటే. నియమాలన్నీ పాటించినా కాపాడని నియమాన్ని భద్రత అని ఎలా అంటారు? అది భద్రత కాదు, కాపలా. భద్రత నా కోసం, కాపలా నలుగురి కోసం.

ఇంకో వాదన: "అబ్బాయిల్ని కూడా ట్రోల్ చేస్తారు." నిజమే, చేస్తారు. నల్లగా ఉన్నాడని, ఇంగ్లిష్ రాదని, బ్యాక్‌లాగులున్నాయని. అది కూడా తప్పే, దాని మీద ఎవరైనా వ్యాసం రాస్తే నేను షేర్ చేస్తాను. కానీ నా ప్రశ్న చిన్నది. ఫోటోలో ఇద్దరున్నప్పుడు ఒక్కరినే ఎందుకు?

చట్టం నెమ్మదిగానైనా కదులుతోంది. అత్యాచారం కేసులో బాధితురాలు నడవడిక లేనిదని చూపించి ఆమె సాక్ష్యాన్ని కొట్టేయించే వీలు మన సాక్ష్య చట్టంలో 2003 దాకా ఉండేది. ఆ తర్వాతే తీసేశారు. వ్యభిచారం నేరమనే 497 సెక్షన్‌లో భార్య ఇష్టాయిష్టాల ఊసే లేదు, ఆమె భర్త ఒప్పుకుంటే నేరం కాదు, ఒప్పుకోకపోతే నేరం. అచ్చంగా ఆస్తి గొడవ లాగా. 1860 నాటి ఆ సెక్షన్‌ని సుప్రీంకోర్టు 2018 సెప్టెంబరు 27న కొట్టేసింది. ఎవరైనా ఎవరి ప్రైవేటు ఫోటోలనైనా అనుమతి లేకుండా పెడితే ఐటీ చట్టం 66ఈ, 67ఏ సెక్షన్లున్నాయి. అలాంటి ఫోటో మీద బాధితులు ఫిర్యాదు చేస్తే 24 గంటల్లో తీసెయ్యాలని 2021లో వచ్చినప్పుడు ఐటీ నియమాలు చెప్పాయి.

మన సబ్జెక్టుకి దగ్గర విషయం ఒకటి చెప్తాను, ఎవరికైనా పనికొస్తుంది. స్టాప్ ఎన్‌సీఐఐ అనే ఉచిత సర్వీసు ఒకటుంది. బెదిరింపులకి వాడుతున్న ప్రైవేటు ఫోటోకి మన ఫోన్లోనే ఒక హ్యాష్ తయారవుతుంది, అంటే ఆ ఫోటోకి వేలిముద్ర లాంటి నంబరు. ఫోటో మన ఫోన్ దాటి వెళ్లదు, ఆ నంబరే వెళ్తుంది. అందులో చేరిన కంపెనీలు ఆ నంబరుతో సరిపోలే ఫోటో ఎవరైనా అప్‌లోడ్ చేస్తే ఆపుతాయి. పద్దెనిమిది నిండినవాళ్లకి పనిచేస్తుంది. అన్ని యాప్‌లూ అందులో లేవు, కానీ ఉన్నంతలో చాలా నయం. డేటా స్ట్రక్చర్స్ క్లాసులో హ్యాషింగ్ చెప్పినప్పుడు ఇదొక్క ఉదాహరణ చెప్పి ఉంటే నేను ఆ క్లాసులో నిద్రపోయేదాన్ని కాదు.

కానీ మా ఫ్రెండ్‌కి ఇవేవీ పనికిరాలేదు. ఎందుకంటే ఆ ఫోటోలో ఏమీ లేదు. రోడ్డు పక్కన టీ తాగడం మీద ఏ సెక్షన్ కింద ఫిర్యాదు చేస్తాం? ఏ హ్యాష్ ఆపుతుంది? అక్కడ తనకి అక్కరకొచ్చేది మేమే. ఆ నలభై మందిమి. 6:41కి మాలో పదిమంది "తీసెయ్ రా, ఏంటిది?" అని రాసి ఉంటే, 8:15కి అది వాళ్లమ్మ ఫోన్లో పడేదా? పడేదేమో, నాకు తెలీదు. కానీ కనీసం తను తిరిగొచ్చిన రోజు క్లాసులోకి తలెత్తుకుని నడిచేది.

ఈ లెక్కంతా మా అమ్మమ్మకి చెప్పాను. ఆవిడకి డెబ్బై పైనే. "నలుగురూ, నలుగురూ అంటావు కదా అమ్మమ్మా, అసలు ఎవరు వాళ్లు? పేర్లు చెప్పు" అని అడిగాను. "పోవే, పెద్ద లాయరువి" అని తిట్టింది. నేను వదల్లేదు. కాసేపు ఊరుకుని, తన చిన్నప్పుడు వాళ్ల వీధిలో ఒకావిడ గురించి చెప్పింది. మొగుడు పోయి రెండేళ్లు. బెజవాడ సినిమాకి వెళ్లి రాత్రి బస్సుకి వచ్చింది. పక్కన ఎవరో ఉన్నారని ఒకళ్లు చూశారు. మర్నాడు బావి దగ్గర మాటలు. నెల తిరక్కుండా ఆవిడ ఇల్లు తాళం వేసి పుట్టింటికి వెళ్లిపోయింది. మళ్లీ రాలేదు.

"బావి దగ్గర ఎవరెవరు అన్నారు?" అన్నాను. అమ్మమ్మ వేళ్లు మడిచింది. ఒకావిడ పోయింది. ఒకావిడ కొడుకు దగ్గర హైదరాబాద్‌లో ఉంది. ఒకావిడ మంచంలో ఉంది, మనుషుల్ని గుర్తుపట్టట్లేదు. మూడు వేళ్లయ్యాయి. నాలుగో వేలు మడవకుండా నావైపు చూసింది. "నేనే అనుకుంటా" అంది. తర్వాత, "అప్పట్లో అట్టా అనకపోతే మననీ అనేవాళ్లే అమ్మాయ్" అంది.

మా అమ్మ నాకు చెప్పింది అదే. నేను బెంచీ మారింది కూడా అందుకే. యాభై ఏళ్ల తేడాతో మా ముగ్గురికీ ఒకే భయం. ఆ నలుగురూ ఎక్కడో బయట ఉంటారని నాకు చెప్తూ వచ్చారు. నేను లెక్కపెడితే వాళ్లు మా ఇంట్లోనే దొరికారు.

మిమ్మల్ని పెద్దపెద్దవి అడగను. ఈసారి మీ గ్రూపులో ఇలాంటి ఫోటో పడితే "తీసెయ్" అని ఒక్క మాట రాయండి. అబ్బాయిలూ, మీరు రాస్తే ఇంకా బరువుంటుంది, ఎందుకంటే మీరు రాస్తే మిమ్మల్ని ఎవరూ ఆ లెక్కలో వెయ్యరు. ఫోటోలో మీరే ఉంటే స్టేటస్‌కి వచ్చిన మంటలు లెక్కపెట్టుకోకుండా, పక్కనున్న మనిషి ఏమైందో కనుక్కోండి. అమ్మాయిలూ, బెంచీ మారకండి.

నేను మా ఫ్రెండ్‌కి సారీ చెప్పాను. బోర్డు కనపడక కాదని చెప్పాను. "నాకు తెలుసులే" అంది. అంతకంటే ఏమీ అనలేదు. క్షమించిందో లేదో అడగలేదు, అడిగే హక్కు నాకు లేదు. తను ఇప్పటికీ వాళ్ల నాన్న బండి మీదే వస్తోంది. మా బస్సులో నా పక్క సీటు మీద నేను రోజూ బ్యాగు పెట్టి ఉంచుతున్నాను. ఎవరైనా అడిగితే మాత్రం ఈసారి వంక చెప్పట్లేదు. తన పేరే చెప్తున్నాను.